95 నిమిషాల ఇండిపెండెంట్ సినిమాకి లక్షన్నర ప్యాకేజీ: ఒప్పుకోవచ్చా? ఉద్యోగం మానెయ్యొచ్చా?

మీ ప్రశ్న క్లుప్తంగా ఇదీ. హైదరాబాద్‌లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం, ఇంట్లో చిన్న సెటప్, మూడు షార్ట్ ఫిల్ములకి సంగీతం చేసిన అనుభవం. ఇప్పుడు 95 నిమిషాల ఇండిపెండెంట్ సినిమాకి రీరికార్డింగ్ (సీన్ల వెనక వచ్చే నేపథ్య సంగీతం) చెయ్యమని అడిగారు. పాటలు లేవు. సింక్ సౌండ్‌లో తీశారు, అంటే మాటలు, శబ్దాలు షూటింగ్ జరిగిన చోటే రికార్డు చేశారు. ఖర్చులన్నీ కలిపి లక్షన్నర ప్యాకేజీ, ఐదు వారాల గడువు. ఒప్పుకోవాలా, ఒప్పుకుంటే ఉద్యోగం వదిలేసి పూర్తిగా ఇందులోకి రావచ్చా అని అడిగారు.

సూటిగా చెప్తాను. సినిమా ఒప్పుకోండి, ఉద్యోగం మానకండి. అయితే ఒప్పుకునే ముందు సినిమాలో సంగీతం ఎన్ని నిమిషాలో తేల్చుకోండి. "95 నిమిషాల సినిమాకి లక్షన్నర" అన్నది లెక్క కిందకి రాదు. ఆ 95లో సంగీతం 25 నిమిషాలా, 70 నిమిషాలా? డబ్బు, గడువు, ఎంతమంది వాయిద్యకారుల్ని పిలవగలరు, రేపు రాయల్టీ ఎంత వస్తుంది, అన్నీ ఆ అంకె మీదే ఆధారపడతాయి. ఈ రంగంలో కొత్తవాళ్ళు దెబ్బతినేది ప్రతిభ లేక కాదు, ఆ అంకె అడక్కుండా తల ఊపేసి.

మీ గంటల్ని ముందు లెక్కేద్దాం. ఉద్యోగం చేస్తూ సోమవారం నుంచి శుక్రవారం దాకా రోజుకి మూడు గంటలు, శని ఆదివారాలు ఎనిమిదేసి గంటలు అనుకుంటే వారానికి 31 గంటలు. ఐదు వారాలకి 155. ఒక నిమిషం సంగీతం దర్శకుడు ఓకే చేసి, మిక్స్ అయ్యి, ఫైలుగా బయటికి వెళ్ళడానికి ఒంటరిగా పనిచేసేవాళ్ళకి ఐదు గంటలు పెట్టుకోండి. ఆలోచన, రాయడం, ప్రోగ్రామింగ్ కలిపి రెండున్నర, మార్పులకి ఒకటిన్నర, మిక్స్‌కీ స్టెమ్స్‌కీ (వాయిద్యాల గుంపుల వారీగా ఇచ్చే విడి ఫైళ్ళు) ఒకటి. అంటే మీ చేతిలో ఉన్నది 31 నిమిషాల సంగీతం. అంతకు మించి ఒప్పుకుంటే మూడో వారం నుంచి నిద్ర పోతుంది, నాలుగో వారం నుంచి నాణ్యత పోతుంది.

మంచి సంగతి ఏంటంటే సింక్ సౌండ్ సినిమాకి 30 నిమిషాలు తక్కువేం కాదు. డబ్బింగ్ సినిమాలో లొకేషన్ శబ్దం ఉండదు కాబట్టి ఆ ఖాళీని సంగీతంతో నింపే అలవాటు మనకి పాతుకుపోయింది. సింక్ సౌండ్‌లో వాకిలి ఊడుస్తున్న చప్పుడు, దూరంగా గుడి మైకు, నటుడి ఊపిరి అన్నీ ఉంటాయి. వాటి మీద గోడలా సంగీతం కడితే అంత కష్టపడి తెచ్చుకున్న ఆ లొకేషన్ శబ్దం వృథా. దర్శకుడికి ఇది చెప్పండి, చాలామంది సంతోషంగా ఒప్పుకుంటారు.

ఆ అంకె తేలేది స్పాటింగ్‌లో. దర్శకుడు, ఎడిటర్, మీరు ముగ్గురూ కూర్చుని సినిమా మొత్తం ఒకసారి చూడాలి. వీలైతే సౌండ్ డిజైనర్ కూడా. ఎడిటర్ తాత్కాలికంగా పెట్టిన వేరే సినిమాల సంగీతం, అంటే రిఫరెన్స్ సంగీతం, మ్యూట్ చేసి చూడండి. రిఫరెన్స్ వింటూ చూస్తే అక్కడ సంగీతం ఉండాలా వద్దా అన్న ప్రశ్నే రాదు, ఎలాంటిది ఉండాలన్న ప్రశ్న మాత్రమే మిగులుతుంది. ప్రతి చోటా మూడే విషయాలు రాసుకోండి. ఎక్కడ మొదలు, ఎక్కడ ఆపాలి, అక్కడ సంగీతం చేసే పని ఏంటి. మూడోదానికి సమాధానం దొరక్కపోతే ఆ క్యూ (ఒక చోట మొదలై ఇంకో చోట ఆగే సంగీతం ముక్క) కొట్టెయ్యండి. "బాధగా ఉండాలి" అన్నది సమాధానం కాదు, నటుడు ఆల్రెడీ బాధగానే ఉన్నాడు. "ఆమె దాచుకున్న కోపం మనకి మాత్రమే తెలియాలి" అన్నది సమాధానం.

క్యూలకి రీలు నంబరుతో పేరు పెట్టండి. ఒకటో రీలులో మొదటిది 1ఎం1, రెండో రీలులో మూడోది 2ఎం3. డిజిటల్ రోజుల్లో రీళ్ళెందుకు అనకండి. సినిమాని 20 నిమిషాల లోపు ముక్కలుగా పంచుకుంటే రెండో రీలులో కోత పడినా మిగతా నాలుగు రీళ్ళ టైమ్‌కోడ్ (గంట, నిమిషం, సెకను, ఫ్రేము చూపే అంకె) కదలదు. స్ప్రెడ్‌షీట్‌లో క్యూ పేరు, మొదలు, ముగింపు, నిడివి, సీను, పని, మాటలున్నాయా లేవా, ఓకే అయిందా లేదా అన్న వరసలు పెట్టి, నిడివి వరస కింద మొత్తం కూడండి. అగ్రిమెంటులోకి వెళ్ళాల్సిన అంకె అదే.

ఎడిటర్ నుంచి ఏం తీసుకోవాలో కూడా చెప్తాను, ఎందుకంటే సగం గొడవలు ఇక్కడే పుడతాయి. ప్రతి రీలూ విడి వీడియో ఫైలు. తెర మీద టైమ్‌కోడ్, ఎడిట్ వెర్షన్ నంబరు, తేదీ కనిపించాలి. ఒకటో రీలు మొదటి ఫ్రేము 01:00:00:00 దగ్గర, రెండోది 02:00:00:00 దగ్గర. దానికి సరిగ్గా రెండు సెకన్ల ముందు ఒక్క ఫ్రేము బీప్. ఆడియోలో ఎడమ పక్క మాటలు మాత్రమే, కుడి పక్క రిఫరెన్స్ సంగీతం, ఎఫెక్ట్స్. అలా ఇస్తే కుడి పక్క మూసేసి మాటల మీద పనిచెయ్యొచ్చు.

ఫ్రేమ్ రేట్ (సెకనుకి ఎన్ని ఫ్రేములు) నోటితో అడగడమే కాకుండా ఫైలులో కూడా చూడండి. 23.976లో ఉన్నదాన్ని 24 అనుకుని పనిచేస్తే గంటకి 3.6 సెకన్లు జారుతుంది. 20 నిమిషాల రీలు చివర 1.2 సెకన్లు. మొదటి రెండు నిమిషాలు బాగానే ఉంటుంది కాబట్టి ఎవరికీ తెలియదు, ఫైనల్ మిక్స్ రోజు బయటపడుతుంది. అలాగే మీ సెషన్ మొదటి రోజు నుంచే 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో ఉండాలి. 44.1లో చేసిన ఫైలుని మార్చకుండా 48గా చదివిస్తే సంగీతం దాదాపు ఒకటిన్నర అర్ధస్వరం పైకి ఎగురుతుంది, వేగం కూడా పెరుగుతుంది.

ఇక సంగీతంలోకి వద్దాం. సింక్ సౌండ్ సినిమాలో మీరు ఖాళీ మీద రాయడం లేదు, ఆల్రెడీ శ్రుతి ఉన్న శబ్దం మీద రాస్తున్నారు. మన కరెంటు 50 హెర్ట్జ్. పాత ట్యూబ్‌లైట్ చోక్, ఫ్రిజ్, ట్రాన్స్‌ఫార్మర్ లాంటివి 100 హెర్ట్జ్ దగ్గర సన్నగా హమ్ చేస్తుంటాయి. మీ కీబోర్డు మీద మంద్రంలో జి స్వరం 98 హెర్ట్జ్. అంటే ఇంట్లో తీసిన సీను కింద మీరు జిలో డ్రోన్ (తంబురాలా ఆగకుండా సాగే స్వరం) పెడితే ఆ రెండూ ఒకదానికొకటి తగిలి సెకనుకి రెండుసార్లు అలలాగా ఊగుతాయి. వినేవాళ్ళకి కారణం తెలియదు, ఏదో శ్రుతి తప్పినట్టు ఇబ్బంది మాత్రం ఉంటుంది. మీరు మాత్రం ప్లగిన్లు మారుస్తూ రెండు రోజులు పోగొట్టుకుంటారు. మందు ఏంటంటే, మాటల ట్రాకు శుభ్రం చేశాక ఎలా ఉంటుందో సౌండ్ ఎడిటర్‌ని అడిగి ఆ వెర్షన్ తెప్పించుకోండి. హమ్ పూర్తిగా పోకపోతే 90 నుంచి 110 హెర్ట్జ్ మధ్య మీ డ్రోన్‌ని ఖాళీగా ఉంచండి. సి శ్రుతిలో రాస్తే ఆ హమ్ పంచమం దరిదాపుల్లో పడి కాస్త కలిసిపోతుంది, అచ్చంగా కలవదు కాబట్టి ఖాళీ ఎలాగూ ఉంచాలి.

మాటల కింద రాసేటప్పుడు, హల్లులు తెలిసేది 1 నుంచి 4 కిలోహెర్ట్జ్ మధ్య. వేణువు, వయొలిన్ పై స్థాయిలో అక్కడే మెరుస్తాయి. మాట నడుస్తున్నప్పుడు అవి పలికితే మిక్స్‌లో మొదట తగ్గేది మీ సంగీతమే. మాటల కింద తక్కువ స్థాయి, తక్కువ కదలిక ఉంచండి. స్వరం కదలాల్సింది మాటల మధ్య ఖాళీల్లో.

ఒక క్యూ దగ్గరగా చూద్దాం. ఒక తల్లి ఊరొదిలి వెళ్తూ ఇంటికి తాళం వేస్తుంది. క్యూ నిడివి 42 సెకన్లు. మొదటి 14 సెకన్లు పక్కింటావిడతో మాటలు. 23.5వ సెకనులో తాళం పడుతుంది. తర్వాత బస్సు దాకా నడక. మీకు 72 బీపీఎం (నిమిషానికి 72 బీట్లు) బాగుందనిపించింది. 4/4లో ఒక బార్, అంటే నాలుగు బీట్లు, 3.33 సెకన్లు, ఏడు బార్లకి 23.33. తాళం పడేది దాని తర్వాత నాలుగు ఫ్రేములకి. సూత్రం తేలిక. బీట్ల సంఖ్యని 60తో గుణించి సెకన్లతో భాగించడమే. 28 బీట్లు, 23.5 సెకన్లు, వచ్చేది 71.5. ఇప్పుడు ఎనిమిదో బార్ మొదటి బీట్ సరిగ్గా తాళం మీద పడుతుంది. ఈ వేగంలో ఐదో బార్ 13.4 సెకన్ల దగ్గర మొదలవుతుంది, అప్పటికి మాటలు ఇంకా అయిపోలేదు. కాబట్టి వేణువుని ఐదో బార్ రెండో బీట్ మీద, అంటే 14.3 దగ్గర ఎత్తండి. పక్కింటావిడ చివరి మాట అయిపోయి, తల్లి తలుపు వైపు తిరిగే చోటు అది. తాళం మీద డ్రమ్ముతో కొట్టకండి. ఆ ఇనుప చప్పుడే తాళం. అక్కడ సంగీతం ఒక స్వరం వదిలేస్తే చాలు, లేదా రెండు మూడు ఫ్రేములు ఆలస్యంగా కింది షడ్జమం వచ్చినా బాగుంటుంది. కంటికి ముందు, చెవికి తర్వాత అందితే సహజంగా ఉంటుంది.

క్యూ ఎలా మొదలవుతుందన్నది కూడా పనితనమే. నిశ్శబ్దంలోంచి ప్యాడ్ (కీబోర్డు మీద సాగే మెత్తటి స్వరాల పొర) మెల్లగా లేస్తే ప్రేక్షకుడికి "ఇదిగో సంగీతం వస్తోంది" అని తెలిసిపోతుంది. కుక్కర్ విజిల్ కింద, బస్సు ఇంజను స్టార్ట్ అయిన చోట, షాట్ మారిన ఫ్రేములో లోపలికి రండి. ఆ చప్పుడు తగ్గేసరికి మీ సంగీతం అక్కడే ఎప్పట్నుంచో ఉన్నట్టు ఉంటుంది.

రిఫరెన్స్ ట్రాక్ గురించి. దర్శకుడు ఆరు నెలలు ఎడిట్ టేబుల్ మీద ఒక విదేశీ సినిమా ట్రాకుతో సీను చూసి ఉంటాడు, దానితో ప్రేమలో పడి ఉంటాడు. దాన్ని తిట్టకండి, కాపీ కొట్టకండి. ఆ ట్రాకులో నచ్చిందేంటో విడదీసి అడగండి. వేగమా, వాయిద్యమా, మొదలైన చోటా, లేక చివర ఆగిపోయిన పద్ధతా? చాలాసార్లు నచ్చింది అది మొదలైన చోటు మాత్రమే అని తేలుతుంది. స్వరాలు రెండు మార్చి అదే ట్యూన్ ఇస్తే రేపు కాపీరైట్ నోటీసు వచ్చేది మీ పేరు మీద. ఎందుకంటే అగ్రిమెంటులో "ఇది నా సొంత రచన" అని సంతకం పెట్టేది మీరే.

రెడీమేడ్ లూపుల విషయంలోనూ ఇదే జాగ్రత్త. లైబ్రరీ కొన్నప్పుడు వాడుకునే హక్కు వస్తుంది, అది మీ ఒక్కరిదే అనే హక్కు రాదు. అదే లూపుని ఇంకెవరో వాడి యూట్యూబ్ కంటెంట్ ఐడీలో (కాపీరైట్ ఉన్నవాటిని గుర్తుపట్టే వ్యవస్థ) నమోదు చేస్తే మీ ట్రైలర్ మీద క్లెయిమ్ పడుతుంది. లైసెన్సు, కొన్న రసీదు ప్రాజెక్టు ఫోల్డర్‌లోనే ఉంచండి.

నిజమైన వాయిద్యాలు ఒకటో రెండో తప్పకుండా పెట్టండి. పది ట్రాకుల శాంపిల్ స్ట్రింగ్స్ మీద ఒక్క నిజమైన వయొలిన్ పలికితే మొత్తం ఊపిరి పోసుకుంటుంది. 1955లో పథేర్ పాంచాలికి రవిశంకర్ సంగీతం ఒక్క రాత్రి రికార్డింగులో, కొద్దిమందితో అయిపోయింది. డబ్బు లేని సినిమాకి పెద్ద ఆర్కెస్ట్రా నకలు కన్నా చిన్న మేళం అసలు ఎప్పుడూ మేలు.

వాయిద్యకారులు కాల్‌షీటుకి (రికార్డింగ్ సెషన్‌కి) వచ్చే ముందు చెయ్యాల్సినవి చెయ్యకపోతే ఆ డబ్బు బూడిదలో పోసినట్టే. వేణువు విద్వాంసుడికి శ్రుతులు ముందే చెప్పండి. ఒకటో శ్రుతి సి, ఐదు జి, ఐదున్నర జి షార్ప్. ఆయన అన్ని శ్రుతుల వేణువులూ మోసుకు రాకపోవచ్చు, మీ 3ఎం2 డి షార్ప్‌లో ఉందని అక్కడ తెలిస్తే అరగంట పోతుంది. స్వరాలు తెలుగులో స్థాయి గుర్తులతో రాసి, బీట్ల లెక్కతో ప్రింట్ ఇవ్వండి. క్లిక్ ట్రాకుకి (లయ కోసం హెడ్‌ఫోన్‌లో వినిపించే టిక్ టిక్) ముందు రెండు బార్లు ఖాళీ వదలండి. నాలుగు గంటల్లో శ్రద్ధగా తీయగలిగేది పది పన్నెండు నిమిషాల సోలో. ముఖ్యమైన క్యూలు రెండో గంటలో పెట్టండి, అప్పటికి ఊపిరి కుదురుతుంది, అలసట రాదు.

డప్పు పిలిస్తే వరస మారుతుంది. తోలు కాస్తేనే పలుకుతుంది, ఏసీ గదిలో పావుగంటకే సడలడం మొదలవుతుంది. మొదటి టేకునీ ఆరో టేకునీ కలిపి ఎడిట్ చేస్తే అతుకు తెలిసిపోతుంది. కాబట్టి కాచుకునే చోటు స్టూడియో వాళ్ళతో ముందే మాట్లాడండి, ప్రతి రెండు టేకులకీ తోలు కాయించండి, ఒక క్యూకి కావాల్సినవన్నీ ఒక్క వేడిలో అయ్యేలా చూసుకోండి. పక్కనే ఉన్న మైకు కన్నా రెండడుగులు వెనక ఉన్న మైకులో గది ఎక్కువ పలుకుతుంది, సినిమాకి అదే పనికొస్తుంది.

ఇక డబ్బు. ప్యాకేజీ అంటే వాయిద్యకారులు, స్టూడియో, మిక్స్, అన్నీ మీ జేబులోంచే. ఉదాహరణకి ఇలా వేసుకోండి, మీకు దొరికిన రేట్లతో అంకెలు మార్చుకోండి. ఇద్దరు వాయిద్యకారులకి 16,000. స్టూడియో 4,000. మిక్స్ ఇంజనీరుకి 25,000. లైబ్రరీ, హార్డ్ డిస్కు 10,000. అనుకోని ఖర్చుకి పదో వంతు, 15,000. మొత్తం 70,000. మీకు మిగిలేది 80,000, అంటే 155 గంటలకి గంటకి సుమారు 516 రూపాయలు, 30 నిమిషాల సంగీతానికి నిమిషానికి 2,667. ఇది మొదటి ఫీచర్‌కి తీసుకోదగ్గ బేరమే. అదే 60 నిమిషాలు అడిగితే మీ గంటలు రెట్టింపై, గంటకి చేతికొచ్చేది సగమవుతుంది. అప్పుడు రేటు పెంచమనో, వాయిద్యకారుల ఖర్చు నిర్మాతే పెట్టుకోమనో అడగాలి. రెండోదానికి చిన్న నిర్మాతలు కూడా తొందరగా ఒప్పుకుంటారు, ఎందుకంటే ఆ ఖర్చు వాళ్ళ కళ్ళ ముందే అవుతుంది.

సంతకం రోజు 30 శాతం, మొదటి మూడు క్యూలు ఓకే అయ్యాక 30, ఫైనల్ ఫైళ్ళు ఇచ్చే ముందు 30, మిక్స్ అయ్యాక 10. చివరి పది శాతం ఆలస్యమవుతుందనే అనుకోండి. అది ఆలస్యమైనా మీ ఖర్చులు ఆగకూడదు. ఓకే కోసం పంపేవన్నీ మధ్య మధ్య బీప్ వేసిన ఎంపీత్రీలే. చెల్లింపుల్లో మామూలుగా 10 శాతం టీడీఎస్ కోస్తారు. అది మీ పాన్ మీద జమ అయిందో లేదో పన్ను పోర్టల్‌లో చూసుకోండి, కోసి కట్టనివాళ్ళు ఉంటారు. సేవల మీద ఏడాది టర్నోవరు 20 లక్షలు దాటేదాకా జీఎస్టీ రిజిస్ట్రేషన్ అక్కర్లేదు, జీతం అందులోకి రాదు.

అగ్రిమెంటు రెండు పేజీలైనా చాలు, కానీ ఇవి ఉండాలి. సంగీతం నిమిషాలు, దాటితే నిమిషానికి ఎంత. ఒక్కో క్యూకి మార్పులు ఎన్ని విడతలు, రెండు పెట్టుకోండి. ఎడిట్ లాక్ (ఇక కోతలు ఉండవని ఖాయం చేసే) తేదీ, ఆ తర్వాత కోత పడితే గంటకి ఎంత. టైటిల్స్‌లోనూ పోస్టరు మీదా పేరు ఎలా పడాలి, "సంగీతం" అనా "నేపథ్య సంగీతం" అనా. సినిమా ఓటీటీకో శాటిలైట్‌కో అమ్ముడైతే అదనంగా స్థిరమైన మొత్తం. "లాభాల్లో ఇంత శాతం" అని రాయించుకోకండి, చిన్న సినిమా లెక్కల్లో లాభం అన్న వరస ఎప్పటికీ నిండదు. "అమ్మకం సంతకమైన 30 రోజుల్లో ఇంత" అని రాయించుకోండి.

హక్కుల దగ్గర భయపడకండి, చట్టం మీ పక్కనే ఉంది. 2012లో కాపీరైట్ చట్టానికి చేసిన సవరణ ప్రకారం, సినిమాలోని సంగీతం హక్కులు నిర్మాతకి రాసిచ్చినా, రాయల్టీలో సగం పొందే మీ హక్కుని రాసివ్వడం కుదరదు. వారసులకో కాపీరైట్ సొసైటీకో తప్ప. అందుకు విరుద్ధంగా "రాయల్టీలన్నీ వదులుకుంటున్నాను" అని రాసినా ఆ మాట చెల్లదు. సినిమా హాలులో సినిమాతో పాటు వినిపించినదానికి మాత్రం ఇది వర్తించదు. అలాగే గడువు రాయకపోతే ఐదేళ్ళు, ప్రాంతం రాయకపోతే భారతదేశం అని చట్టం అనుకుంటుంది, అందుకే నిర్మాతలు "శాశ్వతంగా, ప్రపంచమంతటా" అని రాయించుకుంటారు. అది ఇచ్చినా, తక్కువ పారితోషికానికి బదులుగా సంగీతాన్ని ఆల్బమ్‌గా విడుదల చేసుకునే హక్కు మీకు ఉంచమని అడగండి. పాటలు లేని సినిమాలో నిర్మాతకి దానితో పనుండదు, మీకు మాత్రం అదే రేపటి విజిటింగ్ కార్డు.

రాయల్టీ చేతికి రావాలంటే ఐపీఆర్ఎస్ (ఇండియన్ పెర్ఫార్మింగ్ రైట్ సొసైటీ)లో స్వరకర్తగా సభ్యత్వం తీసుకోవాలి. 1969 నుంచి ఉన్న సొసైటీ అది. సభ్యత్వం ఒక్కటే చాలదు, ప్రతి క్యూ పేరు, నిడివి, స్వరకర్త వాటా, వాడిన తీరు రాసిన క్యూ షీట్ దాఖలు చెయ్యాలి. సినిమా టీవీలోనో స్ట్రీమింగ్‌లోనో వచ్చినప్పుడు పంపకం దాన్ని బట్టే. స్పాటింగ్ రోజు మొదలుపెట్టిన స్ప్రెడ్‌షీట్‌ని ఫైనల్ మిక్స్ తర్వాత సరిచేస్తే అదే క్యూ షీట్. అమెరికాలో తెలుగు సినిమా ఎన్ని వారాలు ఆడినా అక్కడి హాళ్ళు స్వరకర్తకి ప్రదర్శన రాయల్టీ కట్టవు. యూరప్‌లో చాలా దేశాల హాళ్ళు కడతాయి. కాబట్టి అమెరికా థియేటర్ల మీద లెక్కలు కట్టుకోకండి.

లాక్ అయ్యాక కూడా కోత పడుతుంది, అది ఎవరి తప్పూ కాదు. ముఖ్యంగా నవంబరులో గోవా, డిసెంబరులో తిరువనంతపురం ఫిల్మ్ ఫెస్టివల్స్‌కి సినిమా పంపుతున్నారంటే ఎంట్రీ కోసం ఒక కట్, ఆ తర్వాత ఇంకో కట్ ఉంటాయి. పైన చెప్పిన తాళం క్యూలో ఎడిటర్ మాటలయ్యాక ఒక్క సెకను తీసేశాడనుకోండి. 71.5 వేగంలో ఒక సెకను అంటే 1.19 బీట్లు. కత్తిరిస్తే లయ విరుగుతుంది. ప్రోగ్రామ్ చేసినదైతే వేగం 74.7కి మార్చి తాళం మీదకి తెచ్చుకోవచ్చు. నిజమైన వేణువుని అంత సాగదీస్తే గమకాలు వణికినట్టు వినిపిస్తాయి. అందుకని వాయిద్యకారుల్ని లాక్ అయ్యాకే పిలవండి. లాక్ అయ్యిందని మాట కాదు, తేదీతో మెయిల్ రావాలి. కోత పడిన ప్రతిసారీ ఏ టైమ్‌కోడ్ దగ్గర ఎన్ని ఫ్రేములు పోయాయో జాబితా అడగండి. కొత్త వీడియో పంపి "చూసుకోండి" అంటే ఒప్పుకోకండి.

డెలివరీలో కొత్తవాళ్ళు ఎక్కువగా చేసే తప్పు మాస్టర్ మీద లిమిటర్ (శిఖరాలు అణిచి మొత్తం గట్టిగా చేసే ప్లగిన్) పెట్టి, గట్టిగా వినిపించే స్టీరియో ఫైలు ఒక్కటే ఇవ్వడం. మిక్స్ ఇంజనీరుకి కావాల్సింది స్టెమ్స్. తాళవాద్యాలు, డ్రోన్లు ప్యాడ్లు, స్ట్రింగ్స్, సోలో వాయిద్యం, గొంతులు, ఇలా నాలుగైదు. మాట వినపడకపోతే ఆయన సోలో వేణువు ఒక్కటే తగ్గిస్తాడు. అది విడిగా లేకపోతే మొత్తం సంగీతాన్ని తగ్గిస్తాడు. ప్రతి స్టెమ్‌కీ దాని రివర్బ్ (గది ప్రతిధ్వని ఎఫెక్ట్) దానితోనే రావాలి. అన్నీ ఒకే చోట మొదలై, టైమ్‌కోడ్ ముద్రతో, 48 కిలోహెర్ట్జ్ 24 బిట్ వేవ్ ఫైళ్ళుగా, శిఖరాలు మైనస్ 6 డెసిబెల్స్ దగ్గర ఆగేలా ఉండాలి. స్టెమ్స్ అన్నీ కొత్త సెషన్‌లో వేసి, పూర్తి మిక్స్‌ని ఫేజ్ తిప్పి (శబ్దపు అలని తలకిందులు చేసి) పక్కన పెట్టి ప్లే చెయ్యండి. నిశ్శబ్దం వస్తే సరి. ఏదైనా వినిపిస్తే ఒక రివర్బ్ మర్చిపోయారు, లేదా మాస్టర్ మీద కంప్రెసర్ మిగిలింది. గొంతు ఉన్న క్యూలకి గొంతు లేని వెర్షన్ కూడా ఇవ్వండి, ఇంకో భాషకి డబ్ చేసేటప్పుడు అడుగుతారు.

ఇంట్లో మిక్స్ చేసేటప్పుడు మాటల ట్రాకు ఎప్పుడూ ఆన్‌లో ఉండాలి, వాల్యూమ్ నాబ్ కదపకూడదు. థియేటర్ మిక్స్ 85 డెసిబెల్ ప్రమాణం మీద జరుగుతుంది. నెట్‌ఫ్లిక్స్ లాంటి చోట మాటల సగటు గట్టిదనం మైనస్ 27 ఎల్‌కేఎఫ్‌ఎస్ (గట్టిదనం కొలత) దగ్గర, రెండు అటూ ఇటూ ఉండాలంటారు. యూట్యూబ్ పాటల గట్టిదనంతో పోలిస్తే ఇది చాలా మెత్తన. హెడ్‌ఫోన్స్‌లో గట్టిగా విని చేసిన సంగీతం అక్కడ మాటల మీద పడిపోతుంది.

చివరిగా ఉద్యోగం సంగతి. పైన వచ్చిన అంకెనే పట్టుకోండి, నిమిషానికి 2,667. ఏడాదికి ఆరు లక్షలు కావాలంటే 225 నిమిషాలు, అంటే ఇలాంటి సినిమాలు ఏడెనిమిది. ఒక మనిషి ఏడాదిలో ఇన్ని ఇండిపెండెంట్ ఫీచర్లు తెచ్చుకోవడం, చెయ్యడం రెండూ కుదరని పని. అందుకే ఈ రంగంలో నిలబడినవాళ్ళకి ఇంకో ఆదాయం ఉంటుంది. యాడ్ ఫిల్ములు, వెబ్ సిరీసులు, డాక్యుమెంటరీలు, పెద్ద సంగీత దర్శకుల దగ్గర కీబోర్డ్ ప్రోగ్రామింగ్. ప్రోగ్రామింగ్ పని చిన్నదనుకోకండి, గడువులో రోజుకి మూడు క్యూలు తీసే చెయ్యి అక్కడే తయారవుతుంది.

సినిమా కాని పనుల నుంచి నెలనెలా వచ్చేది మీ ఇంటి ఖర్చులో సగం దాటి, బ్యాంకులో పది నెలల ఖర్చు ఉన్నప్పుడు ఉద్యోగం వదలడం గురించి ఆలోచించండి. అప్పటిదాకా పని తెచ్చేది ఎక్కువగా దర్శకులు కాదు, ఎడిటర్లు, సౌండ్ డిజైనర్లు. దర్శకుడు రెండేళ్ళకో సినిమా తీస్తాడు, ఎడిటర్ ఏడాదికి నాలుగు చేస్తాడు. ఫైళ్ళు సరిగ్గా ఇచ్చిన స్వరకర్త పేరు వాళ్ళకి గుర్తుంటుంది. షోరీల్ (చేసిన పనుల నమూనా వీడియో) మూడు నిమిషాలు మించకుండా, మాటలున్న సీన్లతో చెయ్యండి. సంగీతం ఒక్కటే వినిపిస్తే మీరు పాట చెయ్యగలరని తెలుస్తుంది, సినిమా చెయ్యగలరని తెలియదు.

సంతకం పెట్టే ముందు మీ కంపెనీ అపాయింట్‌మెంట్ కాగితాలు తీసి చదవండి. ఉద్యోగంలో ఉండగా మీరు సృష్టించినదంతా కంపెనీదే అన్న వాక్యం, బయట పని చెయ్యకూడదన్న వాక్యం చాలా వాటిల్లో ఉంటాయి. ఉంటే హెచ్‌ఆర్ నుంచి రాతపూర్వక అనుమతి తీసుకోండి. అది చేతికొచ్చేలోగా ఎడిటర్‌కి మెసేజ్ పెట్టి ఒకటో రీలు మాత్రం తెప్పించుకోండి. ఫ్రేమ్ రేట్ చూడండి, కుడి చానల్ మూసి మాటలు ఒక్కటే వింటూ సంగీతం ఎక్కడ కావాలో నిమిషాలు రాసుకోండి. రీళ్ళు ఐదు కాబట్టి దాన్ని ఐదుతో గుణిస్తే నిర్మాతతో మాట్లాడేటప్పుడు మీ చేతిలో ఒక అంకె ఉంటుంది.